అది పెండ్లి పాటే

నవంబర్ 3, సోమవారం

నాకేమీ బాధ లేదు. ముందు ఈ మాట రాసిపెడుతున్నాను. రేపు చదువుకున్నప్పుడు గుర్తుండాలి కదా.

మా బాపు బొగ్గు బాయి పని దిగిపోయిన ఏడాది కంపెనీ వాళ్లు ఇచ్చిన డైరీ ఇది. పంతొమ్మిదేళ్లుగా బీరువాలో పడి ఉంది, ఒక్క గీత కూడా గీయలేదు ఎవరూ. పాత తారీఖులు కొట్టేసి రాసుకుంటున్నాను. ఎవరితో నోరు విప్పినా కొట్లాట అయ్యేలా ఉంది, అందుకని దీనితో మాట్లాడుతున్నాను.

నిన్న మధ్యాహ్నం రేకుల షెడ్డులో ప్రాక్టీసు. నేను క్లారినెట్, ముకర్రం పెద్ద బాకా, అరుణ్ డ్రమ్ము. ముకర్రం బిడ్డ లైబా అన్నం టిఫిను పట్టుకొచ్చి అక్కడే కూర్చుంది. అప్పగింతల పాట ఎత్తుకున్నాం. ఆ పిల్ల ఫోను పైకెత్తి పట్టుకుంది. పాట విని దాని పేరు చెప్పేది ఒకటి ఉందట ఫోనులో.

దాని పేరు మాకే తెలియదు. నలభై ఏళ్లుగా మందమర్రిలో ఏ ఆడపిల్ల అత్తారింటికి పోయినా వెనక మా బాపు కొమురెల్లి మాస్టరు మేళం వాయించేది అదే. నార్వే పాట అంటాం, అంతే. ఎనభై నాలుగులో బాయిలో మిషన్లు బిగించడానికి నార్వే నుంచి ఒక ఇంజనీరు వచ్చాడు. ఎవరి పెండ్లిలోనో బాపు క్లారినెట్ విని నిలబడిపోయాడట. పోయే ముందు ఒక క్యాసెట్ చేతిలో పెట్టి పోయాడు. అతనికి తెలుగు రాదు, బాపుకు ఇంగ్లీషు రాదు. బాపు ఆ క్యాసెట్‌ను టేపు అరిగిపోయేదాకా విని మేళానికి దించాడు. మెల్లగా, అడుగులో అడుగు వేసినట్టు, గుండె పట్టేసేలా ఉంటుంది. అలాంటిది అప్పగింతలకు కాకపోతే ఇంక దేనికి?

దేనికో నిన్న తెలిసింది. రాసినాయన పేరు గ్రీగ్. అది సావు పాట. శవం వెంట నడుస్తూ వాయించడానికి రాశాడు.

లైబా నవ్వింది. నేనూ నవ్వాను. ముకర్రం ఒక్కడే నవ్వలేదు. ఆ పిల్ల గొప్పగా అనుకుని "మా మందమర్రి బ్యాండు వాయించేది నార్వే పెద్దాయన పాట" అని వీడియో పెట్టింది, కింద పాట పేరుతో సహా. సాయంత్రానికల్లా కాలనీ గ్రూపులన్నీ నిండిపోయాయి.

నవంబర్ 4, మంగళవారం

మూడు పెండ్లిళ్ల వాళ్లు ఫోన్ చేశారు. మాకు బదులు డీజే పెట్టుకుంటారట. పెట్టుకోనీ. చెవులు పగలనీ.

నవంబర్ 6, గురువారం

శంకరవ్వ వచ్చింది. వెనక లైనులో ఉంటుంది, నన్ను చిన్నప్పటినుంచి ఎత్తుకున్న మనిషి. ఇవాళ చెప్పులు కూడా విడవకుండా గుమ్మంలో నిలబడింది.

"ఏమే జమునా, నా బిడ్డ ఎన్క సావు పాట వాయించినవా?"

"నాకు తెల్వది చిన్నమ్మా. ఎవ్వలకు తెల్వది."

"తెల్వకపోతే అయిపాయెనా? ఏడాది తిరగకముందే అల్లుడు లారీ కింద పడె. ఏ దేవునికి తక్కువ జేసిన్నో అని పద్నాలుగేండ్లు నన్ను నేనే తిట్టుకున్న. గిప్పుడు తెలిసింది ఎవ్వలు జేసిన్రో."

కూర్చోబెట్టి నీళ్లు ఇవ్వాల్సింది. ఇవ్వలేదు. రెండు రోజులుగా లోపల ఉడుకుతున్నదంతా ఆమె మీద పోశాను.

"నాకు గూడ గదే పాట వాయించిన్రు. నా మొగడు సచ్చిండా? తాగొచ్చి తంతుంటె నేనే ఇడిసిపెట్టి వచ్చిన. పాట తాగిపిచ్చిందా వాన్ని? నీ అల్లుని మీదికెల్లి పోయిన లారీ డ్రైవరు మా బ్యాండు వినుకుంట నడిపిండా?"

ఆమె నోటికి కొంగు అడ్డం పెట్టుకుంది. వెళ్లిపోయింది.

నేను అన్నదాంట్లో తప్పేం లేదు.

నవంబర్ 7, శుక్రవారం

లైబా ఏడుస్తూ వచ్చింది.

"జమునత్తా, నేనే నాశనం జేసిన. మా అబ్బా నాతోని మాట్లాడతలేడు."

"నాశనమేంది పిల్లా? నలబై ఏండ్ల సంది పేరు లేకుండ తిరిగింది, నువ్వు పేరు దొరికిచ్చినవ్. కండ్లు తుడుసుకో."

వీడియో తీసేసిందట. ఇప్పుడు తీస్తే ఏం లాభం. అయితే ఊరికే ఏడవలేదు ఆ పిల్ల, గ్రీగ్ గురించి దొరికినదంతా చదువుకొని వచ్చింది. కరీంనగర్‌లో డిగ్రీ చదివిన పిల్ల కదా. పెరట్లో కూర్చుని చెప్పింది. పొట్టి మనిషట. పదిహేడేళ్లకే జబ్బు చేసి ఒక పక్క ఊపిరితిత్తి పాడైపోయిందట, అరవై నాలుగేళ్ల దాకా మిగిలిన ఆ ఒక్క తిత్తితోనే బతికాడట. ఆ మాట విని నేను లోపలి మంచం వైపు చూశాను. బాపు దగ్గుతున్నాడు. బాపు రెండు తిత్తులూ బొగ్గుదుమ్ము తిన్నాయి. అలాంటి ఛాతీతో ముప్పై ఏళ్లు క్లారినెట్ ఊదాడు.

గ్రీగ్‌కు ఒక స్నేహితుడు, నోర్డ్రాక్ అని. అతనూ పాటలు కట్టేవాడే. ఇరవై మూడేళ్లకు బెర్లిన్‌లో క్షయతో పడ్డాడు. వస్తాను, నీ దగ్గర ఉంటాను అని గ్రీగ్ మాటిచ్చాడు. మాటిచ్చి, అటు పోకుండా ఇటలీ పోయాడు. రోములో ఉండగా అతను పోయినట్టు జాబు వచ్చింది. అదే రోజు కూర్చుని ఈ పాట రాశాడు. తర్వాత ఎక్కడికి పోయినా ఆ కాగితాలు వెంట పెట్టుకునే తిరిగాడట. నేను పోయినప్పుడు నాకూ ఇదే వాయించండి అన్నాడట, అలాగే వాయించారట.

"మంచిగనే ఉంది. పోవలసినప్పుడు పోకుండ, పోయినంక పాట రాసిండు" అన్నాను.

"అట్లనకు అత్తా. పాపం, ఎంత బాధపడి రాసిండో."

"బాధపడేదేదో బెర్లిన్‌ల పడితే అయిపోతుండె."

లైబా ఫోనులో అసలు పాట వినిపించింది. పెద్ద ఆర్కెస్ట్రా, నూరు మంది ఉంటారేమో. బాగానే వాయించారు. కానీ ఒక చోట ఆగలేదు. మధ్యలో పాట కొంచెం వెలుతురులోకి వస్తుంది, దానికి ముందు మేం ఆగుతాం. డ్రమ్ము కూడా ఆగుతుంది. ఆ ఆగినప్పుడే పెండ్లిపిల్ల కారెక్కుతుంది, అది మందమర్రి పద్ధతి. వీళ్లు ఆగకుండా పోయారు.

"గిక్కడ ఆగుడు అసలు పాటల లేదు అత్తా. కొమురెల్లి తాత ఎందుకు పెట్టిండు?"

ఊపిరి అందక. ఇంకెందుకు? దుమ్ము తిన్న ఛాతీ అక్కడికి వచ్చేసరికి ఖాళీ అయ్యేది. బాపు ఆగి పీల్చుకునేవాడు, ఆయనతోపాటు మేళం మొత్తం ఆగేది. తర్వాత నేను పట్టుకున్నాను. నాకు ఊపిరి బాగానే అందుతుంది, అయినా ఆగుతాను.

ఇంకో మాట. లైబా పెండ్లి ఈ ముప్పైన, ఆదివారం. పిల్లవాడిది ఇచ్చోడ. ఆ వీడియో ఇచ్చోడ దాకా పోయింది. పిల్లవాడి మేనమామ జబ్బార్ ముకర్రంకు ఫోన్ చేసి ఆ పాట వినపడితే బారాత్ వెనక్కి తిప్పుతా అన్నాడట.

"నాకు గదే పాట గావాలె అత్తా. గది లేకుంటె నేను కారెక్క" అంది లైబా.

వాయిస్తా అని చెప్పాను. ఎవడు ఆపుతాడో చూస్తా.

నవంబర్ 9, ఆదివారం

బాపుకు చెప్పకుండా దాచాను ఇన్నాళ్లు. ఇవాళ ఆయనే అడిగాడు.

"ఏం బిడ్డా, మేళం పోతలేదు? ముహూర్తాలు లేవా?"

చెప్పేశాను. నార్వే పాట సావు పాటట బాపూ అన్నాను. తిడతాడనుకున్నాను, లేకపోతే బెంగ పెట్టుకుంటాడనుకున్నాను. దిండుకు ఆనుకుని నా వైపు తిరిగాడు.

"ఎవలు సచ్చిన్రు?"

"రాసినాయన దోస్తు. ఇరువై మూడేండ్ల పోరడు."

"పెండ్లయిందా పోరనికి?"

కాలేదు, మాట ఖాయం చేసుకున్నారు కానీ కాలేదు, లైబా చెప్పింది. కాలేదని చెప్పాను. బాపు చాలాసేపు దగ్గాడు. దగ్గు ఆగాక మెల్లగా నవ్వాడు.

"పెండ్లిగాని పోరడు సస్తె మనం ఏం జేస్తం బిడ్డా? జిల్లేడు చెట్టుతోని పెండ్లి జేసి పంపుతం. పెండ్లి జెయ్యక పంపితె వాని పాణం నిలువది. వాళ్ల దేశంల జిల్లేడు లేదేమో. నలబై ఏండ్ల సంది ఎన్ని పెండ్లిలు జేసినం వానికి!"

ఆ మనిషి బాయి కింద ముప్పై ఏళ్లు ఉండి ఇంత ఆలోచన ఎక్కడ నేర్చుకున్నాడో. "అయితే వాయించుమంటవా?" అని అడిగాను.

"రాసుడు ఆయనది. వాయించుడు మనది. పెండ్లి పాటే అది."

అయిపోయింది. ఇంక నన్నెవరూ ఏమీ అడగక్కర్లేదు.

నవంబర్ 12, బుధవారం

బాపుకు దగ్గు ఎక్కువైంది. చలికి ప్రతి ఏడాదీ ఇలాగే ఉంటుంది. తగ్గుతుంది.

నవంబర్ 14, శుక్రవారం

కాలనీ పెద్దమనుషులు పిలిచారు, యూనియన్ ఆఫీసు పక్కన చెట్టు కింద కుర్చీలు. నాగయ్య మామ పెద్ద. కుర్చీ వేశారు, కూర్చోలేదు.

"బిడ్డా జమునా, నువ్వేం తప్పు జేసినవని మేమంటలేము. తెల్వక అయింది. ఇగ ఆ పాట ముట్టనని అందరి ముంగట ఒక్క మాట అను, కథ ఒడిసిపోతది. మేళానికి మళ్ల పిలుపులొస్తయ్."

నేను సిద్ధం చేసుకుని పోలేదు. నోటికి వచ్చినట్టు అన్నాను, ఇప్పుడు తలచుకుంటే బాగానే అన్నాననిపిస్తుంది.

"నాగయ్య మామా, మన దగ్గర సావైతె ఏం వాయిస్తం?"

"డప్పు. తీన్మార్."

"ఎగురుతమా, ఏడుస్తమా?"

"పెద్ద మనిషి పోతె ఎగురుతం. గది ఆనవాయితీనాయె."

"మరి పెండ్లిల అప్పగింతలకు ఎగురుతమా?"

నాగయ్య మామ చేతికర్ర ఈ చేతిలోంచి ఆ చేతిలోకి మార్చుకున్నాడు.

"మనం సావుకు ఎగురుతం, పెండ్లికి ఏడుస్తం. మెల్లగ ఏడిపిచ్చే పాట ఎవ్వలన్న మన చేతుల పెడితె మనం పెండ్లికే వాయిస్తం. మా బాపు తప్పు జెయ్యలే. మందమర్రోడు ఎవ్వడైనా గదే జేస్తడు. నీ బిడ్డ సంసారం ఎట్లుంది మామా?"

"మంచిగనే ఉంది."

"దాని ఎన్క నేనే వాయించిన. పక్కన కూసున్న మల్లన్న చెల్లె ఎట్లుంది? మంచిగుంది గదా. మంచిగున్నోళ్ల ఇండ్లల్లకు నా పాట పోలేదా మరి? చెడ్డది పాట జేస్తె మంచిది గూడ పాటనే జేసింది."

నాగయ్య మామ మీసంలో నవ్వుకున్నాడు, నేను చూశాను. కానీ పైకి మాత్రం "అట్ల మొండిగ మాట్లాడద్దు బిడ్డా" అన్నాడు. మొండిదాన్నే. వచ్చేశాను.

శంకరవ్వ దూరంగా గోడ దగ్గర నిలబడి ఉంది. ఆమె వైపు చూడలేదు. నేను ఆమెను అన్నదాంట్లో తప్పేం లేదు.

నవంబర్ 17, సోమవారం

బాపును కరీంనగర్ తీసుకొచ్చాం. తమ్ముడు గోపాల్ ఇక్కడే ఉంటాడు, డీజే నడుపుతాడు. అవును, మా ఇంటి పిల్లగాడే. డాక్టరు ఏదో చెప్పాడు, గోపాల్ వింటూ తల ఊపాడు. నేను వినలేదు. ముక్కుకు గొట్టం పెట్టారు. రెండు మూడు రోజుల్లో తగ్గుతుంది.

నవంబర్ 20, గురువారం

బాపు కళ్లు మూసుకుని ఉన్నాడు కానీ వేళ్లు దుప్పటి మీద కదులుతున్నాయి. కుడి చేయి కింద, ఎడమ చేయి పైన. నేను పక్కన కూర్చుని చూశాను. ఒక చోట ఆగాయి. మళ్లీ మొదలయ్యాయి. ఊరికే కదిలి ఉంటాయి.

నవంబర్ 22, శనివారం

మంథని నుంచి ఫోన్! రేపు మధ్యాహ్నం పెండ్లి, వేరే మేళం వాడు మాట తప్పాడట. మందమర్రి మేళం అప్పగింతల పాట బాగా వాయిస్తుందని విన్నాం, అదే కావాలన్నారు. వాళ్ల ఫోనుల్లోకి ఇంకా రాలేదేమో, లేకపోతే వచ్చినా లెక్క చేయలేదేమో. ఏదైతేనేం. అడిగి మరీ పిలిచారు. నాగయ్య మామ చెవిలో పడాలి ఈ మాట.

గోపాల్ వద్దన్నాడు. "అక్కా, ఇప్పుడు పోకు." వాడికి డీజే తప్ప ఏం తెలుసు? పొద్దున పోయి సాయంత్రం బస్సుకు వచ్చేస్తాను. మంథని ఎంత దూరం?

బాపు చేయి పట్టుకుని చెప్పాను. కళ్లు తెరిచాడు. గొట్టం ఉండగా మాట సరిగా రాలేదు.

"వస్తవా బిడ్డా?"

"వస్త బాపూ. పొద్దుమీకె వరకు నీ పక్కనుంట."

నవంబర్ 23, ఆదివారం

బాపు.

నవంబర్ 26, బుధవారం

పొయ్యి వెలిగించకూడదు కదా. శంకరవ్వ మూడు పూటలా అన్నం, పచ్చిపులుసు తెచ్చి అరుగు మీద పెట్టి పోతుంది. ఒక్క మాట మాట్లాడదు. నేనూ మాట్లాడను. తింటున్నాను. గిన్నె కడిగి పెడుతున్నాను. తీసుకుపోతుంది.

సోమవారం సంగతి రాయాలి. రాస్తాను.

కాలనీ అంతా వచ్చింది. పిలుపులు రద్దు చేసుకున్న వాళ్లు కూడా దండలు పట్టుకొచ్చారు. బాపును పాడె మీద పడుకోబెట్టాక నాగయ్య మామ నా దగ్గరికి వచ్చాడు.

"బిడ్డా, ఆ నార్వే పాట ఇప్పుడు వాయించు. నీ బాపు పాటనే. దాని జాగ గూడ గిదే."

వెనక నుంచి ఇంకొకరు, ఇంకొకరు. అవును వాయించు, వాయించు. పది రోజుల క్రితం ముట్టనని ప్రమాణం చేయమన్న నోళ్లే.

"అది పెండ్లి పాట" అన్నాను.

ఎవరో నసిగారు. అంతలో వీధి చివర నుంచి పాట మొదలైంది. గోపాల్ డీజే బండి తెచ్చాడు, సౌండు డబ్బాలు పెట్టి అసలు పాట వేశాడు, ఆ నూరు మంది ఆర్కెస్ట్రాది. వాడు మంచికే చేశాడు. కళ్లు వాచి ఉన్నాయి వాడివి. జనం అంతా చేతులు కట్టుకుని నిలబడ్డారు. పాట బాపు ఆగే చోటికి వచ్చింది. వచ్చి, ఆగకుండా దాటిపోయింది.

పోయి వైరు పీకేశాను.

"ఏంది అక్కా నువ్వు? బాపు కోసమే గదా!" అని గోపాల్ అరిచాడు.

"బాపు కోసం డప్పు కొట్టుండ్రి. మందమర్రి పెద్ద మనిషి పోయిండు. తీన్మార్ కొట్టుండ్రి!"

ముందు డప్పుల వాళ్లు ఒకరి మొఖాలు ఒకరు చూసుకున్నారు. ముకర్రం అందుకున్నాడు ముందు, పెద్ద బాకాతో. అరుణ్ డ్రమ్ము కలిపాడు. అప్పుడు డప్పులు లేచాయి. నేను క్లారినెట్ పట్టుకుని పాడె ముందు నడిచాను. ఆడవాళ్లు కాటికి రావద్దు అన్నాడు ఒక పెద్దాయన. నేను ఆడదాన్ని కాదు, మేళం అన్నాను. వదిన వరసవాళ్లు ఎగిరారు, బాయి పనివాళ్లు ఎగిరారు, నాగయ్య మామ కర్ర పక్కన పడేసి రెండడుగులు వేశాడు. దుమ్ము లేచింది. బాపు చూస్తే మెచ్చుకునేవాడు.

నేను ఏడవలేదు. ఒక్క చుక్క కూడా.

నవంబర్ 28, శుక్రవారం

గోపాల్ అడిగాడు, "దినాలు ఒడవకముందె పెండ్లికి ఎట్ల పోతవ్ అక్కా? అంటు గదా. అందరేమంటరు?"

ముకర్రం కూడా వచ్చి, గుమ్మం బయటే నిలబడి, "అక్కా, నువ్వు రాకున్నా నేనేం అనుకోను. ఫికర్ జెయ్యకు. జబ్బార్ భాయ్ జిద్దు మీదున్నడు. ఏదో ఒకటి వాయించి పంపుదాం" అన్నాడు. బిడ్డ పెండ్లి పెట్టుకుని నా కోసం గుమ్మం బయట నిలబడ్డాడు. నలభై ఏళ్లుగా వాళ్ల నాన్న, తర్వాత వీడు, బాపు పక్కన ఊదారు.

"నాకు మాటిచ్చుడు, మాట తప్పుడు చాలయింది ముకర్రం. లైబాకు మాటిచ్చిన" అన్నాను. వాడికి అర్థం కాలేదు. పర్వాలేదు.

నవంబర్ 30, ఆదివారం. ఇంటికి వచ్చి, బట్టలు కూడా మార్చకుండా రాస్తున్నాను.

ముందు ఆ ఆదివారం సంగతి. ఏడు రోజులుగా ఈ పేజీ చుట్టూ తిరుగుతున్నాను. మంథనిలో అప్పగింతలు ఒంటిగంటకు. ఫోను క్లారినెట్ పెట్టెలో ఉంది. గోపాల్ పదకొండుసార్లు చేశాడు. నేను ఆ పాట వాయిస్తూ ఉన్నాను. అందరూ బాగుందన్నారు, నాకు గర్వంగా ఉండింది, ఇంకోసారి వాయించమంటే ఇంకోసారి వాయించాను. పెట్టె తెరిచేసరికి అయిపోయింది. పొద్దుమీకె వరకు వస్తానన్నాను బాపుకు. గ్రీగ్‌ను తిట్టాను కదా, బాధపడేదేదో బెర్లిన్‌లో పడాల్సింది అని. మంథని నాకు ఇటలీ అయింది.

శంకరవ్వను అన్నది కూడా తప్పే. పొద్దున గిన్నె ఇస్తూ చెప్పాను. "ఆ లారీ మాట అనకుండ ఉండాల్సింది చిన్నమ్మా." ఆమె గిన్నె అందుకుని కొంగుతో తుడిచింది. "నాకు ఎవ్వలనన్న అనాలనిపిచ్చింది జమునా. నువ్వు దొరికినవ్" అంది. తర్వాత నా చీర చూసి, "గీ పాత చీర మీద పెండ్లికి పోతవా?" అని తన పెట్టెలోంచి ఆకుపచ్చ చీర తెచ్చి ఇచ్చింది. అంటు ఇంట్లో ఉన్న నాకు. ఆమె తెచ్చి ఇచ్చింది.

పెండ్లి ముకర్రం ఇంటి ముందే, షామియానా వేశారు. నిఖా అయింది, బిర్యానీలు అయ్యాయి. రెండు గంటలకు లైబాను బయటికి తెచ్చారు. మొఖం మీద పూల సెహ్రా, వెనక వాళ్ల అమ్మ ఏడుపు. కారు తలుపు తెరిచి ఉంది. నేను, అరుణ్ నిలబడ్డాం. ముకర్రం బిడ్డ పక్కన ఉండాలి కదా. పెద్ద బాకా ఖాళీగా కుర్చీలో ఉంది.

జబ్బార్ మా ముందుకు వచ్చి నిలబడ్డాడు. పెద్ద మనిషి, తెల్ల షేర్వానీ.

"చెప్పిన గద. గా పాట వద్దు. వేరేది ఏదన్నా కొట్టుండ్రి."

"నాకు పిల్ల చెప్పింది. పిల్ల వద్దంటె ఆపుత" అన్నాను.

"అత్తా, వాయించు" అని సెహ్రా లోపలి నుంచి లైబా. కారు దగ్గరే ఆగిపోయింది, అడుగు వేయలేదు. జబ్బార్ మొఖం ఎర్రబడింది. ముకర్రం చేతులు పిసుక్కుంటున్నాడు. ఒక్క మాట అటూ ఇటూ అయితే బారాత్ నిజంగానే వెనక్కి తిరుగుతుందని నాకు భయం వేసింది. అవును, భయమే. కానీ క్లారినెట్ దించలేదు.

అప్పుడు కారు ముందు సీటులోంచి ముసలామె దిగింది. పెండ్లికొడుకు నానమ్మ, బిస్మిల్లా బీ. వంగిపోయిన మనిషి. జబ్బార్‌ను చేత్తో పక్కకు జరిపింది.

"నీది సావు పాటేనా బేటీ? నిజం జెప్పు."

"రాసినాయన సావుకు రాసిండు అమ్మా. మేం పెండ్లికే వాయిస్తం. మా బాపు వాయించిండు, ఆయన ఏడు రోజుల కింద పోయిండు. ఆయన సావుకు గూడ గీ పాట నేను వాయించలే."

ఆమె నా మొఖంలోకి చూసింది. ఏం చూసిందో.

"నేను ఇచ్చోడకు దుల్హన్ అయి వచ్చిన్నాడు బొగ్గు లారీల వచ్చిన. ఎన్క ఏ బాజా లేదు. మా అమ్మ గూడ రాలే" అంది. జబ్బార్ వైపు తిరిగింది. "పిల్ల అడుగుతుంది. వాయించనీ. జర పక్కకు జరుగు."

ఎత్తుకున్నాను. అరుణ్ డ్రమ్ము మెల్లగా, అడుగులో అడుగు. నాలుగు స్వరాలు కాకముందే పెద్ద బాకా కలిసింది. ముకర్రం బిడ్డ చేయి వదిలి వచ్చి కుర్చీలోంచి బాకా తీసుకున్నాడు, కళ్ల నీళ్లతోనే ఊదుతున్నాడు. శంకరవ్వ కూడా వచ్చింది, వంట గుండిగల పక్కన నిలబడి ఉంది, కొంగు నోట్లో పెట్టుకుని.

నేను బాపును అనుకోకుండా ఉండాలని ఎంత పట్టుబట్టానో. అది పెండ్లి పాటే. లైబా పెండ్లి. ఆ పేరు లేని ఇరవై మూడేళ్ల పోరడి పెండ్లి. పేరు ఉందిలే, నోర్డ్రాక్. కానీ చీర ముందు భాగం తడిసిపోయింది, శంకరవ్వ ఆకుపచ్చ చీర. మెడ మీదికి కూడా కారుతున్నాయి. తుడుచుకోవడానికి చేతులు ఖాళీ లేవు. వారం రోజుల నీళ్లు.

పాట ఆ చోటికి వచ్చింది. ఆగాను. బాకా ఆగింది, డ్రమ్ము ఆగింది. లైబా తల వంచి కారులోకి ఎక్కింది. తలుపు ఇంకా మూయలేదు. అందరూ నా వైపు చూస్తున్నారు.

బాపు ఇక్కడే ఊపిరి పీల్చుకునేవాడు. ఆయన పీల్చుకుంటాడని ఎదురుచూశాను. నిజంగానే ఎదురుచూశాను, పక్కన నిలబడి ఉన్నట్టు.

పీల్చుకోలేదు. నేనే పీల్చుకుని మిగతాది వాయించాను.